ఆదివారం పొద్దున్నే పాతబస్తీలో సైకిల్ మీద తిరగాలి, దారి చెప్తారా?

నేనూ తమ్ముడూ వచ్చే ఆదివారం ఆరింటికల్లా మొజంజాహీ మార్కెట్ దగ్గర సైకిళ్లెక్కుదామనుకుంటున్నాం. బేగంబజార్ మీదుగా 1578 నాటి పురానాపూల్ వంతెన చూసుకుని, హుస్సేనీ ఆలం గల్లీల్లోంచి చార్మినార్ చేరాలని ప్లాన్. మ్యాప్‌లో సులువుగానే ఉంది కానీ అక్కడి గుంతలు, ట్రాఫిక్ సంగతి రోజూ తిరిగేవాళ్లే చెప్పాలి.

తిండి ఇంకా ముఖ్యం. తమ్ముడికి నహారీ, కుల్చా తినాలని ఎప్పటినుంచో ఆశ. నేను శాకాహారిని. గుల్జార్ హౌజ్ వైపు బండి మీద వేసే వెన్న దోశ, తర్వాత ఇరానీ చాయ్‌లో ముంచుకుని ఉస్మానియా బిస్కెట్ దొరికితే చాలు. అంత పొద్దున్నే దోశ బండ్లు పెడతారా?

సైకిళ్లు ఎక్కడ పెట్టాలన్నదే పెద్ద టెన్షన్. చార్మినార్ చుట్టుపక్కల తాళం వేసి ధైర్యంగా వదిలే చోటు ఉందా? అటువైపు ఉండేవాళ్లు కాస్త చెప్పండి, ప్లీజ్.