మన నాపరాళ్లు లోతైన సముద్రంలో పుట్టినవేనా?

బ్రాడీపేట_నాన్న:
మాది గుంటూరులో పాత ఇల్లు, హాలంతా పల్నాటి నాపరాళ్లే. మొన్న ఒక బండ విరిగితే అంచున కాగితాల కట్టలా సన్నటి పొరలు కనిపించాయి. "ఇన్ని పొరలు ఎవరు పేర్చారు నాన్నా?" అని మావాడు అడిగాడు. సముద్రం అడుగు బురద అన్నాను. తీరమా, లోతా? మరి ఒక్క గవ్వయినా కనిపించదేం?

మాచర్ల_బండ:
అన్నా, మాది రెండు తరాల క్వారీ పని. ఉలి సరిగ్గా పొర సందులో పడితే మంచమంత బండ ఒక్కసారే లేచొస్తుంది. ఇసుకరాయి మీద ఏటి ఇసుకలో పడినట్టు అలల గీతలు చూశాను. నాపరాయి మాత్రం నేను చూసినంతలో నున్నగానే ఉంటుంది.

బెజవాడ_రాళ్లు:
మాచర్ల తమ్ముడు చెప్పిందే అసలు ఆధారం. అలలు అడుగును తాకితే గీతలు పడతాయి. వాటి తాకిడి అందని లోతులో, నాపరాయిగా మారే సున్నపు బురద నెమ్మదిగా దిగి, ఇలా సమంగా పేరుకుంటుంది. అలాగని అది అగాధం కాదు. ఇప్పటి మహాసముద్రాల్లో సుమారు 4-5 కిలోమీటర్లు దాటితే చలికీ ఒత్తిడికీ సున్నం నీటిలో కరిగిపోతుంది. అక్కడ మిగిలేది ఎర్ర బంకమట్టి, సిలికా బురద. ఆ సిలికా గట్టిపడితే చకుముకిరాయి లాంటిది అవుతుంది. ఇక గవ్వల సంగతి. గట్టి చిప్ప కట్టుకునే జీవులు విరివిగా వచ్చింది సుమారు 54 కోట్ల ఏళ్ల క్రితం. మన నాపరాయి అంతకన్నా పాతదనే ఎక్కువమంది చెబుతారు.

పద్మ_గుంటూరు:
నిమ్మకాయ ఊరగాయ పెడుతుంటే రసం ఒలికి మా వంటింటి బండ మీద తెల్ల మచ్చ పడింది. ఎంత తోమినా పోలేదు. అది సున్నం కరిగిన గుర్తేనా? మరి ఇంద్రకీలాద్రి రాయి కూడా సముద్రానిదేనా?

బెజవాడ_రాళ్లు:
మచ్చ అదేనండి, పాలిష్ పట్టిస్తే పోతుంది. ఇంద్రకీలాద్రి లాంటి బెజవాడ కొండల్లోని ఖోండలైట్ అనే రాయి కూడా ఒకప్పుడు బురదే. కానీ భూమి లోపల బాగా ఉడికి రూపమే మారిపోయింది, గార్నెట్లనే ఎర్రటి స్ఫటికాలు పుట్టాయి. అందులో కనిపించే చారలను సముద్రపు పొరలనుకోకండి. అన్నట్టు, అమరావతి స్తూపం శిల్పాలు పల్నాటి సున్నపురాయివే. రేణువు అంత మెత్తన కాబట్టే వేళ్లూ నగలూ అంత సన్నగా చెక్కగలిగారు. నాకు వాటిని చూస్తే ముందు ఆ బురదే గుర్తొస్తుంది.

బ్రాడీపేట_నాన్న:
విరిగిన ముక్క పారేయకుండా దాచాను. ఈ ఆదివారం మావాణ్ని అమరావతి మ్యూజియానికి తీసుకెళ్తాను. తమ్ముడూ, క్వారీ చూపిస్తావా?

మాచర్ల_బండ:
రండన్నా. బ్లాస్టింగ్ లేని రోజు చూసి చెప్తాను. బాబుకు బూట్లు వేసి తీసుకురండి, అంచులు కోస్తాయి.