ఒసాకా నుంచి కురాషికికి ఒక్కరోజు రైలు ప్రయాణం: చిత్రాలు చూడటానికి గైడు అవసరమా?

ప్రశ్న (విజయవాడ నుంచి)

సభ్యులందరికీ నమస్కారం. వచ్చే నవంబరులో అమ్మానాన్నలను జపాన్ తీసుకువెళుతున్నాను. ఒసాకాలో ఆరు రాత్రులు ఉంటాము. నాన్నగారు జిల్లా పరిషత్ పాఠశాలల్లో డ్రాయింగు మాస్టారుగా పనిచేసి పదవీ విరమణ చేశారు. గుడులూ కోటలూ మీ ఇష్టం గాని, కురాషికి అనే ఊళ్లోని ఒహారా మ్యూజియంలో యూరప్ చిత్రకారులు ఎల్ గ్రెకో గీసిన చిత్రమూ మొనే గీసిన కలువలూ ఉన్నాయట, ఆ ఒక్క ఊరూ తప్పకుండా చూపించమని ఆయన అడిగారు. ఆయన తనకంటూ ఒకటి కోరుకోవడం అరుదు కాబట్టి ఆ రోజు పాడుకాకూడదని నా తాపత్రయం.

నా ముందు మూడు దారులున్నాయి. మొదటిది, ఒసాకాలోని హోటలు దగ్గర మొదలై, గైడు మాతోపాటు రైలులో వచ్చి, ఒకయామా కోటా తోటా చూపించి, మధ్యాహ్నం కురాషికి తీసుకువెళ్లి, రాత్రికి తిరిగి దించే పూర్తిరోజు యాత్ర. రెండవది, మేమే రైలెక్కి కురాషికి చేరుకుని అక్కడ కొన్ని గంటలకు మాత్రం గైడును పెట్టుకోవడం. మూడవది, గైడు లేకుండానే వెళ్లి రావడం. నాన్నగారికి మోకాళ్ల నొప్పులు ఉన్నాయి. గైడు ఇంగ్లీషులో చెప్పే మాటలు ఆయనకు సగమే అందుతాయి, మిగిలిన సగం నేను తెలుగులో చెప్పాలి. రెండు నోళ్లు మారి వచ్చే మాట కోసం అంత డబ్బు పెట్టడం సమంజసమేనా? వెళ్లివచ్చినవారు దయచేసి చెప్పగలరు.

మొదటి సమాధానం (కోబె నుంచి)

తొమ్మిదేళ్లుగా ఇక్కడే ఉంటున్నాను. మా ఇంటికి వచ్చిన చుట్టాలను కురాషికి తీసుకువెళ్లడం నాకు ఏటా రెండుసార్లయినా పడే డ్యూటీ. రైలు విషయం మాత్రం నేను చెప్పగలను.

రైలు ఎక్కించడానికే అయితే గైడు అనవసరం అండీ. షిన్-ఒసాకా నుంచి ఒకయామాకు షిన్కాన్సెన్‌లో, అంటే బుల్లెట్ రైలులో, 180 కిలోమీటర్లు, సుమారు 45 నిమిషాలు. ఆ దారిలో నడిచే వేగపు బండ్లు నొజొమి అయినా మిజుహొ అయినా సకురా అయినా ఒకయామాలో ఆగుతాయి. అక్కడ దిగి, అదే స్టేషనులో సాన్‌యో లైను ప్యాసింజరు రైలు ఎక్కితే పదిహేను, పదిహేడు నిమిషాల్లో కురాషికి వస్తుంది. స్టేషనుకు దక్షిణం వైపు బయటికి వచ్చి తిన్నగా నడిస్తే పన్నెండు, పదిహేను నిమిషాలకు మ్యూజియం ఉన్న పాత ఊరి కాలువ కనబడుతుంది. నాన్నగారి మోకాళ్ల దృష్ట్యా వెళ్లేటప్పుడు టాక్సీ పెట్టుకుని, ఆయన ఓపికను మ్యూజియం కోసం దాచి ఉంచండి.

కొత్తవాళ్లు పడే పొరపాటు ఒకటుంది. షిన్-కురాషికి అనే షిన్కాన్సెన్ స్టేషను వేరే ఉంది. పేరు చూసి నేరుగా అక్కడికే టికెట్టు తీసుకుంటారు. అక్కడ ఆగేవి ఎక్కువగా ప్రతి స్టేషనులోనూ ఆగే కొదమ బండ్లే, పైగా అది పాత ఊరికి దగ్గరేమీ కాదు. అక్కడ దిగినా మళ్లీ లోకల్ రైలెక్కి వెనక్కు రావలసిందే. మీ టికెట్టు మీద ఒకయామా, కురాషికి అన్న పేర్లే ఉండేటట్టు చూసుకోండి.

ఆరు రాత్రుల్లో హిమేజీ వంటి ఊళ్లు కూడా చూసే ఆలోచన ఉంటే, కన్సాయ్ వైడ్ ఏరియా పాస్ అనే రైలు పాస్ వివరాలు చూడండి. అది వరుసగా 5 రోజులు చెల్లుతుంది, షిన్-ఒసాకా నుంచి ఒకయామా దాకా షిన్కాన్సెన్‌తో పాటు కురాషికి కూడా అందులో కలిసి ఉంటుంది. కాని క్యోటో, షిన్-ఒసాకాల మధ్య షిన్కాన్సెన్‌కు ఆ పాస్ పనికిరాదు, అక్కడ మామూలు రైలే ఎక్కాలి.

ఇక సోమవారం పెట్టుకోకండి. ఒహారా మ్యూజియానికి సాధారణంగా సోమవారం సెలవు. మా చిన్నాన్నగారిని నేను సోమవారమే తీసుకువెళ్లి, మూసిన తలుపు ముందు ఫోటో తీయించి తీసుకువచ్చాను. ఆ ఫోటో ఇప్పటికీ మా ఇంట్లో గోడ మీద ఉంది.

రెండవ సమాధానం (హైదరాబాదు, చిత్రకళ అధ్యాపకురాలు)

రైలు సంగతి పై సభ్యులు చక్కగా చెప్పారు. గైడు ప్రశ్నకు నా సమాధానం కొంచెం వేరు. ఒహారా మ్యూజియం లోపల గైడు మనకు చెప్పగలిగేది చాలా తక్కువ, ఎందుకంటే అక్కడ గొంతెత్తి మాట్లాడటం మర్యాద కాదు, ఫోటోలకూ అనుమతి లేదు. చిత్రం ముందు నిలబడి గుసగుసగా ఇంగ్లీషులో వినడం, దాన్ని మీరు గుసగుసగా తెలుగులో చెప్పడం, ఈ లోపల వెనుక ఉన్నవారికి దారి ఇవ్వడం, ఇదంతా ఆయనను చిత్రానికి దూరం చేస్తుంది. చెప్పవలసిన కథ లోపలికి వెళ్లకముందే చెప్పి, లోపల ఆయనను ఆయన కళ్లకు వదిలిపెట్టాలి. ఆ కథ మీరే, తెలుగులోనే, ఆ 45 నిమిషాల రైలులో నెమ్మదిగా చెప్పవచ్చు. కొంత ఇక్కడ రాస్తున్నాను.

ఆ ఊరిది నూలు మిల్లుల కథ. 1888లో స్థాపించిన కురాషికి నూలు కంపెనీ ఒహారా కుటుంబానిది. 1880లో పుట్టిన ఒహారా మాగోసాబురో, ఆయన కంటే ఒక ఏడాది చిన్నవాడైన కొజిమా తొరాజిరో అనే చిత్రకారుడు స్నేహితులు. కొజిమా ఆ కుటుంబం ఇచ్చిన ఉపకారవేతనంతో చదువుకుని, 1908లో యూరప్ వెళ్లి, బెల్జియంలోని గెంట్ నగరంలో చిత్రకళ అభ్యసించాడు. మొదటి ప్రపంచ యుద్ధం తరువాత మళ్లీ వెళ్లినప్పుడు, మన దేశంలోని చిత్రకారులు యూరప్ రాలేరు, కాబట్టి మంచి చిత్రాలను మనమే అక్కడికి తీసుకువెళదామని ఒహారాను ఒప్పించాడు. సంపన్నుడు తన హాలుకు అలంకారంగా కొన్న చిత్రాలు కావు అవి. చదువుకునేవారి కోసం ఒక చిత్రకారుడు ఏరి తెచ్చినవి. డ్రాయింగు మాస్టారుకు ఈ తేడా వెంటనే అర్థమవుతుందని నా నమ్మకం.

1920లో కొజిమా, ఫ్రాన్స్‌లో మొనే ఉండే జివెర్నీ అనే ఊరికి వెళ్లి, ఆయన దగ్గరే కలువల చిత్రం కొన్నాడు. 1922లో పారిస్‌లో ఎల్ గ్రెకో గీసిన, దేవదూత మేరీకి శుభవార్త చెబుతున్న చిత్రం అమ్మకానికి ఉండటం చూసి, అంత డబ్బు తన దగ్గర లేక ఒహారాకు కబురు పంపితే, ఆయన సొమ్ము పంపించాడు. నాలుగు శతాబ్దాల క్రితం స్పెయిన్‌లో గీసిన ఆ చిత్రం జపాన్‌లోని ఒక చిన్న మిల్లు పట్టణానికి చేరింది. గొగాన్, సెగంతీని చిత్రాలు కూడా అక్కడ ఉన్నాయి.

మీరు చేయబోతున్న రైలు ప్రయాణమూ కొత్తది కాదు. 1921లో, మ్యూజియం కట్టకముందే, కొజిమా తెచ్చిన ఫ్రెంచి చిత్రాలను కురాషికిలోని ఒక ప్రాథమిక పాఠశాలలో ప్రదర్శించారు. దూరప్రాంతాల నుంచి జనం రైళ్లలో వచ్చారనీ, స్టేషను నుంచి బడి దాకా వరుస కట్టారనీ చెబుతారు. ప్రాథమిక పాఠశాల గోడల మీద ఫ్రెంచి చిత్రాలు! మన బళ్లలో డ్రాయింగు పీరియడును లెక్కల మాస్టారుకు ఇచ్చేసే అలవాటు చూసిన మీకూ నాకూ ఈ మాట ఎలా తగులుతుందో వేరే చెప్పనక్కరలేదు.

కొజిమా 1929లో కన్నుమూశాడు. మరుసటి సంవత్సరం, 1930లో, స్నేహితుడి జ్ఞాపకార్థం ఒహారా ఈ మ్యూజియం కట్టించాడు. పాశ్చాత్య చిత్రకళ కోసం జపాన్‌లో ఏర్పడిన మొట్టమొదటి ప్రైవేటు మ్యూజియం అదే. గ్రీకు గుడిలాంటి స్తంభాలున్న ముఖద్వారం దాటి వెళితే, కొజిమా 1911లో గీసిన, కిమోనో కట్టుకున్న బెల్జియం అమ్మాయి చిత్రం కోసం చూడండి. చాలామంది ఎల్ గ్రెకో కోసం పరుగుతీస్తూ దానిని దాటిపోతారు.

ప్రధాన భవనంతోనే ఆగిపోకండి. పాత ధాన్యపు కొట్లను మార్చి కట్టిన చేతివృత్తుల విభాగంలో హమాదా షోజి, బెర్నార్డ్ లీచ్ కుండలు, మునకాతా షికో చెక్క అచ్చు చిత్రాలు, సెరిజావా కెయిసుకె అద్దకాలు ఉంటాయి. పెడన, మచిలీపట్నం కలంకారీ చూసి పెరిగినవారు సెరిజావా అద్దకాల ముందు త్వరగా కదలలేరు. నేనైతే ఎల్ గ్రెకో దగ్గర కంటే అక్కడే ఎక్కువసేపు ఉన్నాను.

మూడవ సమాధానం (డల్లాస్ నుంచి)

మీరు చెప్పిన మొదటి రకం యాత్రకు మేము నిరుడు వెళ్లాము. నిర్వాహకుల పేరు చెప్పను గాని, జరిగింది చెబుతాను. ఉదయం ఒకయామాలో కోట, తరువాత కొరాకుయెన్ తోట. 1700లో పూర్తయిన ఆ తోట అందమైనదే, కాదనను. కాని తోటలోనే రెండు గంటలు, భోజనానికి గంటన్నర గడిచి, కురాషికిలో కాలువ పక్కన దుకాణాల దగ్గర ఇంకొంత సమయం పోయి, మ్యూజియంలో మాకు మిగిలింది యాభై నిమిషాలు. పైగా ప్రవేశ రుసుము మేమే విడిగా కట్టుకోవాలని తలుపు దగ్గర చెప్పారు. అది చిత్రకళ యాత్ర అని ప్రకటనలో రాసి ఉంది.

గైడును పెట్టుకోదలిస్తే ముందే రాతపూర్వకంగా మూడు సంగతులు తేల్చుకోండి. మ్యూజియంలో కనీసం ఎంతసేపు ఉంటాము, గైడు రైలు ఛార్జీలూ ప్రవేశ రుసుమూ భోజనమూ ఎవరు భరిస్తారు, మధ్యలో ఒక ప్రదేశాన్ని వదిలేస్తే గైడుకు అభ్యంతరం ఉంటుందా. 2018 జనవరి నుంచి జపాన్‌లో లైసెన్సు లేనివారు కూడా డబ్బు తీసుకుని గైడుగా పనిచేయవచ్చు. జాతీయ పరీక్ష ప్యాసైనవారికి మాత్రమే ఆ ప్రత్యేక హోదా పేరు వాడుకునే హక్కు ఉంది. లైసెన్సు లేనంత మాత్రాన గైడు పనికిరాడని కాదు, అయినా అడిగి తెలుసుకోవడంలో తప్పు లేదు. చాలా జపాన్ నగరాల్లో స్వచ్ఛంద గైడ్ల బృందాలు కూడా ఉన్నాయి. వారు తమ శ్రమకు రుసుము తీసుకోరు, వారి ప్రయాణ, ప్రవేశ, భోజన ఖర్చులు మనం పెట్టుకోవడం మర్యాద.

ప్రశ్న అడిగిన సభ్యురాలు

ముగ్గురికీ కృతజ్ఞతలు. పూర్తిరోజు యాత్ర ఆలోచన మానుకున్నాను. అధ్యాపకురాలు గారు రాసిన కథను ఫోనులో నాన్నగారికి చదివి వినిపించాను. బడిలో ప్రదర్శన పెట్టారన్న చోట ఆపమని, మళ్లీ చదివించుకున్నారు. బుధవారం నాడు మేమే రైలులో వెళ్లి, మ్యూజియం చూడటం అయ్యాక రెండు గంటలు మాత్రం ఊరు చూపించడానికి స్థానిక గైడును మాట్లాడుకుందామని అనుకుంటున్నాను. రెండు సందేహాలు మిగిలాయి. మొనే తోటలోని కలువలు అక్కడి కొలనులో ఉన్నాయని నాన్నగారు ఎక్కడో చదివారట, నిజమేనా? అమ్మ శాకాహారి, భోజనం ఎలా?

మొదటి సమాధానమిచ్చిన సభ్యుడు (కోబె)

కలువల మాట నిజమే అండీ. జివెర్నీ నుంచి తెచ్చిన కలువ మొక్కలు మ్యూజియం ఆవరణలోని కొలనులో పెరుగుతున్నాయి. కాని అవి వేసవిలో పూస్తాయి. నవంబరులో పువ్వులు ఉండవు, కాబట్టి నాన్నగారికి ముందే చెప్పి ఉంచండి.

ఊరు చూసేటప్పుడు ఐవీ స్క్వేర్ దగ్గర కాసేపు కూర్చోండి. 1889 నాటి ఎర్ర ఇటుకల నూలు మిల్లు అది, 1974 నుంచి హోటలుగా వాడుతున్నారు. మ్యూజియం డబ్బు ఎక్కడి నుంచి వచ్చిందో అక్కడ కళ్లారా కనబడుతుంది. గైడు ఉపయోగపడేది కూడా అక్కడే, ఎంత మాట్లాడినా ఎవరికీ ఇబ్బంది ఉండదు.

భోజనం విషయంలో, కూరగాయల సూపు అని రాసి ఉన్నా అందులో చేపల రసం కలిసే అవకాశం ఎక్కువ. మా అమ్మ వచ్చినప్పుడు తెల్లవారుజామున పులిహోర కలిపి డబ్బాలో పెట్టుకుని వెళ్లేవాళ్లం. షిన్కాన్సెన్‌లో తినడానికి అభ్యంతరం లేదు. ప్యాసింజరు రైలులో మాత్రం డబ్బా తెరవకండి.