ఫ్లోరోసిస్‌లో ద్వితీయ నివారణ ఎక్కడ మొదలవుతుంది?

అందరికీ నమస్కారం. నేను బీఎస్సీ నర్సింగ్ చదువుతున్నాను, మాది నల్గొండ జిల్లా. కమ్యూనిటీ హెల్త్ అసైన్‌మెంట్‌కి మా ప్రాంతపు ఫ్లోరోసిస్‌నే (నీళ్లలో ఫ్లోరైడ్ ఎక్కువై పళ్లు, ఎముకలు దెబ్బతినే జబ్బు) తీసుకున్నాను. మా నానమ్మ నడుము వంగిపోయి, మెడ తిప్పలేక పడే బాధ చిన్నప్పటి నుంచి చూస్తున్నాను. అందుకే ఇది తప్పుగా రాయడం నాకు ఇష్టం లేదు.

బోరు నీళ్లు మానిపించి, ఫ్లోరైడ్ లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటని నీళ్లు ఇవ్వడం ప్రాథమిక నివారణ. నానమ్మలాంటి వాళ్లకు ఫిజియోథెరపీ, ఊతకర్ర, అవసరమైతే ఆపరేషన్ తృతీయ స్థాయి. ఇంతవరకు టెన్షన్ లేదు.

చిక్కంతా మధ్యలోని ద్వితీయ స్థాయితోనే, అంటే జబ్బును తొలిదశలోనే పట్టుకుని ముదరకుండా ఆపడంతోనే. బడిపిల్లల పళ్లు చూసి గోధుమ రంగు మచ్చలు కనిపెడతాం. ఆ మచ్చలు వాటంతట అవి పోవు, అంటే జబ్బు వచ్చేసినట్టే కదా. కానీ అప్పుడే నీళ్లు మార్చి, పాలు, ఆకుకూరలు, ఉసిరి, జామ తినిపిస్తే ఎముకల దాకా పాకకుండా చాలావరకు ఆపవచ్చు. మరి ఇది ద్వితీయమా, తృతీయమా? పళ్లు బాగానే ఉండి మూత్రంలో ఫ్లోరైడ్ ఎక్కువగా వచ్చిన పిల్లల్ని ఏ స్థాయిలో పెట్టాలి?

ఇంకొకటి. ముప్పే పుట్టకుండా చూడటాన్ని ప్రిమోర్డియల్ నివారణ అంటారు. మా దగ్గర ఫ్లోరైడ్ నేల కింది రాళ్లలోనే ఉంది, అలాంటప్పుడు ఆ స్థాయి వర్తిస్తుందా? పబ్లిక్ హెల్త్‌లో పనిచేసేవాళ్లు, పాఠం చెప్పేవాళ్లు ఎవరైనా దయచేసి కారణంతో సహా వివరించండి.