అప్‌డేట్: నాటకంలో కాలాన్ని నెమ్మదింపజేసే మెషిన్

మా వాడి స్కూల్ నాటకంలో కాలం నెమ్మదించే మెషిన్ ఉంది, నమ్మేలా ఏదైనా కారణం చెప్పండని అడిగాను కదా. "పక్కనే కొండ పెట్టుకుని వెతుకుతారేంటండీ" అన్నవారికి ఓ దండం!

ఐన్‌స్టీన్ 1915 నాటి సిద్ధాంతం ప్రకారం ఎత్తులో ఉన్న గడియారం కింద ఉన్నదానికంటే కాస్త వేగంగా నడుస్తుంది. తిరుపతికీ తిరుమలకీ ఎత్తులో తేడా సుమారు 700 మీటర్లు. లెక్కేస్తే ఏడాదికి కొండ మీది గడియారం రెండు మైక్రోసెకన్లకు (మైక్రోసెకను అంటే సెకనులో పది లక్షలో వంతు) కొంచెం పైన ముందుంటుంది. అంతే. మా వాడు ముఖం వేలాడేశాడు.

అందుకే మా మెషిన్ ఆ తేడానే కోటానుకోట్ల రెట్లు పెంచేస్తుంది. అన్న అలిపిరి నుంచి 3,550 మెట్లెక్కి, దర్శనం చేసుకుని, గుండుతో దిగొచ్చేసరికి కింద మెషిన్‌లో కూర్చున్న తమ్ముడి టీ ఇంకా పొగలు కక్కుతూనే ఉంటుంది. మెషిన్ అంటే పాత కూలర్ డబ్బాకి చుట్టిన వెండిరంగు కాగితం, సీరియల్ బల్బులు.

కృష్ణదేవరాయలు 1513లో తొలిసారి కొండకొచ్చిన రోజుకి పంపమన్నారొకరు. ఈ లెక్కలో వెనక్కి పోవడం కుదరదండీ, ముందుకే.

ఇప్పుడు టెన్షనల్లా టీ పొగ గురించే. స్టేజీ మీద ఫ్యాన్లు ఆపరట.