సమస్య: తార మోగె నూర దారి వెలిగె

నిర్వాహకుడు, రాజమహేంద్రవరం:

ఈ వారం ఆటవెలది నాలుగో పాదం ఇచ్చాను, మిగతా మూడూ మీరు పూరించాలి. నక్షత్రాలన్నీ కంపిస్తూ ఉంటాయని, ఆ కంపనాలను పట్టి కరెంటుగా మార్చుకుంటే లంక గ్రామాల్లో చీకటే ఉండదని మన సభ్యులొకరు మొన్న రాశారు. సిద్ధాంతం కల్పితం, కంపించడం మాత్రం నిజం. మోగడం చెవికి తెలిసేది, వెలగడం కంటికి తెలిసేది. మొదటిదానివల్ల రెండోది ఎలా జరిగిందో పద్యమే చెప్పాలి. నేను చూసేది అదే.

సభ్యుడు, రాజోలు:

నింగి తీగె నుంచి నెమ్మదిగా జారి
కాలువందు నీటి కదలికయ్యె;
కంపనమ్ముఁ బట్టి కాంతిగా మార్చగా
తార మోగె నూర దారి వెలిగె

ఆ ఊహ నాదేనండీ. ధవళేశ్వరంలో 1852లో ఆనకట్ట పూర్తయ్యాకే కదా, సముద్రంలో కలిసిపోయే గోదావరి కాలువల్లోకి మళ్లి, లాకులు దాటి మా చేలకు వచ్చింది! నక్షత్ర కంపనానికీ అలాంటి ఆనకట్ట ఒకటి కట్టాలంటాను.

సభ్యురాలు, అమలాపురం:

అన్నయ్యగారూ, నేను పిల్లలకు భౌతికశాస్త్రం చెబుతాను. మీ మొదటి పాదం దగ్గరే ఆగిపోయాను. నక్షత్రానికీ మనకూ మధ్య ఉన్నది దాదాపు శూన్యం. ధ్వని నక్షత్రం లోపలే తిరుగుతుంది తప్ప ‘జారి’ ఇక్కడికి రాలేదు. గోదావరి మన గుమ్మం దాకా వచ్చింది కాబట్టి కట్ట వేయగలిగాం. అక్కడినుంచి మనకు చేరేది వెలుగు ఒక్కటే. సూర్యుడివంటి నక్షత్రంలో కంపనం వల్ల ఆ వెలుగులో కలిగే మార్పు పది లక్షల్లో కొన్ని వంతులు మాత్రమే. 2009లో అంతరిక్షంలోకి పంపిన కెప్లర్ టెలిస్కోపు అంత చిన్న మార్పులనూ కొలిచింది. వాటినిబట్టి నక్షత్రం లోపలి నిర్మాణాన్ని, వయసును లెక్కకడతారు. దీపం వెలిగించడానికి అవి చాలవు. నా పూరణ:

శబ్ద మాగిపోయె శూన్యమ్ము దాటక
వచ్చి చేరు మనకు వత్సరాలు
గడచి, దానిలోన గతిఁ జూడ కనులలో
తార మోగె నూర దారి వెలిగె

నిర్వాహకుడు:

అమ్మా, మొదటి పాదంలో యతి తప్పింది. ‘శ’కు ‘శూ’ చెల్లదు, అచ్చులు కలవాలి. పైగా వచ్చి చేరేది ఏమిటో చెప్పలేదు. ఇలా మార్చి చూడండి:

శబ్ద మాగు నచటె, చలియించు వెల్తురే

శ–చ యతిమైత్రి ఉంది, రెండో పాదానికి కర్తా దొరికింది.

మీ మూడో పాదాన్ని మాత్రం ఎవరూ ముట్టుకోకూడదు. ‘గతి’ అంటే నడక, తాళగతి కూడా. ఈ పాదం చదవగానే నాకు జాన్ గుడ్రిక్ గుర్తుకొచ్చాడు. చిన్నతనంలోనే వినికిడి పోయిన ఆ ఇంగ్లండు యువకుడు 1784లో, ఇరవై ఏళ్ల వయసులో, సెఫియస్ నక్షత్రరాశిలోని డెల్టా తార వెలుగు పెరిగి తగ్గుతూ ఉండడం గుర్తించాడు. సుమారు 5 రోజుల 9 గంటలకు ఒక ఆవర్తం. ఆ తార ఉబ్బుతూ కుంచించుకుంటూ ఉంటుందని, వెలుగు మార్పుకు అదే కారణమని తరవాతివాళ్లు తేల్చారు. చెవులు పనిచేయని మనిషికి తార లయ కళ్లతో దొరికింది. ‘కనులలో తార మోగె’ అన్న మాటకు ఇంతకంటే సాక్ష్యం అక్కరలేదు. అయితే ఊరి దారి ఎందుకు వెలిగిందో మీ పద్యంలో లేదు. ఆ లోటు పెద్దదే.

సభ్యుడు, ద్రాక్షారామం:

స్వామి రథము గదల సన్నాయి వాయించె
కోనసీమ వీథి కొలువుదీర;
మంద్ర మాదిఁ దాటి మధ్యమ్ముఁ దాటంగఁ
దార మోగె నూర దారి వెలిగె

నిర్వాహకుడు:

తారను సంగీతంలోని పై స్థాయి, అంటే తారస్థాయిగా తీసుకున్నారు, విరుపు చక్కగా ఉంది. కాగడా ఒక్కటి కూడా పద్యంలో పెట్టలేదు. దారి వెలగలేదు.

సభ్యురాలు, ముమ్మిడివరం:

ఐదు నిమిషములకు నాదిత్యు డొకసారి
ఊగు, నందు నాద మొదవు, పగటి
యెండ నిలువఁ జేసి యిరులలో నింపగా
తార మోగె నూర దారి వెలిగె

మా వీధి చివర సోలార్ దీపం పెట్టారు. దాని కింద కూర్చునే రాశాను. సూర్యుడూ తారే కదండీ.

నిర్వాహకుడు:

ఇదే కావాలి! ‘యిరులలో నింపగా’ అన్నచోట చీకటి ఖాళీ కుండలా కనిపించింది. ఊగు, ఒదవు అని చెబుతూ మోగె అనడంలో కాలం కొంచెం తడబడింది, ఫరవాలేదు.

సభ్యురాలు, అమలాపురం:

లెక్కా సరిపోయింది చెల్లీ. సూర్యుడి ఉపరితలంలో ఆ అయిదు నిమిషాల ఊపును అమెరికా భౌతికశాస్త్రవేత్త రాబర్ట్ లైటన్ బృందం 1962లో ప్రకటించింది. నిజానికి అది ఒక్క స్వరం కాదు, లక్షల స్వరాలు కలిసిన మోత. మన చెవికి అందాలంటే కనీసం ఆరు వేల రెట్లు వేగం పెంచాలి. ఒక్క సందేహం: దీపాన్ని వెలిగించింది ఎండే గాని మోత కాదు కదా?

సభ్యుడు, రాజోలు:

అమ్మా, మోత వల్ల వెలుగులో పది లక్షల్లో కొన్ని వంతుల మార్పు వస్తుందని మీరే చెప్పారు. ఆ ఎండే సోలార్ పలక మీద పడితే, ఆ కొన్ని వంతులూ దీపంలోకి వచ్చినట్టే కదా. మొదటి రెండు పాదాలు మార్చుకుంటున్నాను, మూడోది అలాగే ఉంచుతాను:

నింగి నుండి యెండ నెమ్మదిగా మోసి
కప్పుమీద పలక కప్పగించె;
కంపనమ్ముఁ బట్టి కాంతిగా మార్చగా
తార మోగె నూర దారి వెలిగె