గుణాఢ్యుడు నిజంగా బతికిన మనిషా, తను చెప్పిన కథలో పాత్రా?

కథలపెట్టె:
కథాసరిత్సాగరంలో మొదటి లంబకం (భాగం), కథాపీఠం, మళ్లీ చదివాను. అప్పటినుంచీ ఈ ప్రశ్న నన్ను వదలడం లేదు. చదవనివారి కోసం క్లుప్తంగా చెబుతాను. శివుడు పార్వతికి ఎవరూ వినని కథ చెబుతుంటే పుష్పదంతుడనే గణం చాటుగా విని, భార్య జయకు చెప్పేశాడు. పార్వతి శపించింది. అతని తరఫున మాట్లాడబోయిన మాల్యవంతుడికీ శాపం తగిలింది. పుష్పదంతుడు వరరుచిగా పుట్టి ఆ కథను వింధ్యాటవిలో కాణభూతి అనే పిశాచానికి చెప్పాలి. మాల్యవంతుడు గుణాఢ్యుడిగా పుట్టి, దాన్ని కాణభూతి నోట విని లోకానికి అందించాలి. అలా పైశాచీ భాషలో పుట్టిన బృహత్కథ మూలం ఇప్పుడు దొరకదు. 11వ శతాబ్దంలో కాశ్మీర రాణి సూర్యమతి కోసం సోమదేవుడు సంస్కృతంలో చెప్పిన ఈ కథాసరిత్సాగరం రూపంలోనే మనలో చాలామందికి అది తెలుసు. ఇందులో గుణాఢ్యుడి జీవితాన్ని చరిత్రగా ఎంతవరకు నమ్మొచ్చు?

శాసనాలపిచ్చి:
ఆయన ఉన్నాడు. నాకు అందులో అనుమానం లేదు. పందెం ఘట్టమే చూడండి. జలక్రీడలో రాణి "మోదకైః" అంటూ వారించింది. మా ఉదకైః, అంటే నీళ్లతో కొట్టొద్దని. సాతవాహన రాజుకు సంధి అర్థం కాక మిఠాయిలు తెప్పించాడు. రాణి నవ్వింది. ఆ అవమానంతో రాజు మంచం పట్టాడు. వ్యాకరణం ఆరేళ్లలో నేర్పుతానని మంత్రి గుణాఢ్యుడు అంటే, ఆరు నెలలు చాలన్నాడు శర్వవర్మ. అదే జరిగితే సంస్కృతం, ప్రాకృతం, దేశభాష మూడూ వదిలేస్తానని గుణాఢ్యుడు ఒట్టు పెట్టుకున్నాడు, ఓడిపోయాడు. శర్వవర్మ పేరు మీదున్న కాతంత్ర వ్యాకరణం కల్పన కాదండీ, ఇప్పటికీ చదువుకోవచ్చు. సాతవాహనుల శాసనాలు చాలావరకు ప్రాకృతంలోనే ఉన్నాయి కాబట్టి, సంస్కృతం సరిగా రాని రాజు అనే మాట కూడా ఊరికే పుట్టి ఉండదు. పైగా 9వ శతాబ్దం చివరినాటి కంబోడియా శాసనంలో గుణాఢ్యుడి పేరుంది. అది సోమదేవుడి కంటే ముందు.

తాళపత్రం:
పేరు ఉండటం వేరు, మనకు తెలిసిన ఈ జీవితం నిజం కావడం వేరు. నేపాల్లో దొరికిన బుధస్వామి బృహత్కథాశ్లోకసంగ్రహం తీసుకోండి, అదీ బృహత్కథకు మరో సంస్కృత రూపమే. మిగిలింది 28 సర్గలే. అందులో శాపం లేదు, కాణభూతి లేడు, గుణాఢ్యుడి ఊసు లేదు. కథ నేరుగా ఉజ్జయినిలో మొదలవుతుంది. అంటే కథాపీఠం తర్వాత ఎవరో కట్టిన ముఖద్వారం అయ్యుండొచ్చు. ఇక నేపాల్ స్థలపురాణమైన నేపాలమాహాత్మ్యం గుణాఢ్యుణ్ణి మథురలో పుట్టించి, ఉజ్జయినిలో మదనుడనే రాజు దగ్గరికి చేర్చింది. ఊరూ రాజూ ఇంత తేలిగ్గా మారిపోతుంటే దాన్ని జీవితచరిత్ర అని ఎలా అంటాం?

అక్షరమాల:
పైశాచి అంటే మన పాత తెలుగే అని ఎక్కడో చదివాను. అయితే ఆయన మనవాడే కదా?

తాళపత్రం:
కాదండీ. ప్రాకృత వ్యాకరణాలు పైశాచిని ప్రాకృతాల్లో ఒకటిగానే చూపిస్తాయి. దామోదర అన్న మాట అందులో తామోతర అవుతుందని ప్రాకృత వ్యాకరణం రాసిన హేమచంద్రుడు ఉదాహరణ ఇచ్చాడు. దాన్ని తెలుగుతో ముడిపెట్టలేం.

కథలపెట్టె:
ఇద్దరి మాటలూ చదివాక నా అభిప్రాయం చెబుతాను. ఈ జీవితం మనకు ఎవరి నోట వినిపిస్తోందో గమనించారా? గుణాఢ్యుడి నోటే. కథ చెప్పమని కాణభూతిని అడిగితే, "చెబుతాను, ముందు పుట్టినప్పటినుంచీ నీ సంగతి చెప్పు" అంటాడు ఆ పిశాచం. అప్పుడు ప్రతిష్ఠానంలో పుట్టుక, పందెం, ఓటమి అన్నీ తనే చెప్పుకుంటాడు. అంటే అది పుస్తకానికి బయట ఉన్న జీవితం కాదు, కథల్లో మరో పొర. తన కథ చెబితేగాని పెద్ద కథ దక్కదు. దాన్ని ఒలిచి చరిత్ర తీయబోతే రెండూ చేజారిపోతాయని నా భయం.

అసలు గుణాఢ్యుడు తన పుస్తకాన్ని కాల్చిన ఆ మంట దగ్గర కాసేపు ఆగి చూడండి. మూడు భాషలూ వదిలేసినవాడికి మిగిలింది పిశాచాల భాష ఒక్కటే. అడవిలో సిరా లేక సొంత రక్తంతో ఏడేళ్లలో ఏడు లక్షల శ్లోకాలు రాశాడు. శిష్యులు గుణదేవుడు, నందిదేవుడు వాటిని రాజు దగ్గరికి మోసుకెళ్లారు. పైశాచి నీరసమైన భాష, పైగా రక్తంతో రాత, ఛీ అన్నాడు రాజు. అప్పుడు గుణాఢ్యుడు గుండంలో నిప్పు రాజేసి, ఒక్కో ఆకు చదివి వినిపించి మంటలో వేశాడు. జింకలు, అడవి పందులు, దున్నలు మేత మాని, చుట్టూ నిలబడి, కన్నీళ్లు కారుస్తూ విన్నాయి. మేత మానిన జంతువుల ఎండు మాంసం తిని రాజు జబ్బు పడ్డాడు. అందుకు కారణం వెతుక్కుంటూ వచ్చాడు తప్ప కథ కోసం రాలేదు. అప్పటికే ఆరు లక్షలు బూడిదయ్యాయి.

ఇది జరిగిందో లేదో నాకు ముఖ్యం కాదు. దీన్ని అల్లినవాడికి మాత్రం తిరస్కారం అంటే ఏమిటో తెలుసు, వినేవాళ్లు లేకుండా కథ బతకదనీ తెలుసు.

శాసనాలపిచ్చి:
రక్తం, జంతువులు కల్పనే అని ఒప్పుకుంటాను. కానీ కాతంత్రాన్ని మీరు పక్కన పెట్టేశారు. కల్పించేవాడు అందరికీ తెలిసిన వ్యాకరణ పుస్తకాన్నే ప్రత్యర్థి చేతిలో ఎందుకు పెడతాడు?

తాళపత్రం:
నమ్మించడానికే. శర్వవర్మ పేరు తెలిసినవాళ్లు పక్కనే ఉన్న గుణాఢ్యుణ్ణి ఇట్టే నమ్ముతారు.

శాసనాలపిచ్చి:
ఆ మాట కాదనలేను, అయినా నా పక్షం మార్చుకోను.

కథలపెట్టె:
ఒక్కటి మర్చిపోయాను. మిగిలిన లక్ష శ్లోకాలు, అంటే బృహత్కథ నాయకుడు నరవాహనదత్తుడి కథ, రాజు మంటలోంచి కాపాడినవి కావు. ఆయన వచ్చేసరికే అవి పక్కన ఉన్నాయి. శిష్యులిద్దరికీ ఆ కథంటే ఇష్టమని గుణాఢ్యుడు వాటిని ముందే విడిగా దాచి ఉంచాడు.