కడప నుంచి ఒక్కరోజులో గండికోట, బెలుం, తాడిపత్రి: చూసి వచ్చినట్టా, తిరిగి వచ్చినట్టా?

పెన్నఒడ్డు:
మొన్నటి ఆదివారం మా అమ్మను వెంటబెట్టుకొని, కడప నుంచి బయలుదేరే ఒక్కరోజు యాత్ర బస్సులో గండికోట, బెలుం గుహలు, తాడిపత్రి ఆలయాలు చూసి వచ్చాను. తెల్లవారుజామున 5 గంటలకు ఎక్కితే రాత్రి పదిన్నరకు దిగాము. బస్సు బాగుంది, భోజనం పరవాలేదు, గైడు మర్యాదస్తుడు. అయినా ఇంటికి వచ్చి పడుకున్నాక కళ్ల ముందు లోయ మెదలలేదు. చెవుల్లో "పదండి, పదండి" అన్న మాటే మోగింది. గండికోటలో మాకు దొరికినవి 40 నిమిషాలు. మాధవరాయస్వామి గుడి, జామియా మసీదు, ధాన్యాగారం, లోయ అంచు, అన్నీ అందులోనే. ఎర్రటి బండ మీద కూర్చొని అడుగున పారే పెన్నను చూస్తూ, "ఇంకాసేపు కూర్చుందాం నాయనా" అన్నది అమ్మ. కూర్చోనివ్వలేదు. సాయంత్రం తాడిపత్రి దారిలో టీ కోసం మాత్రం 25 నిమిషాలు ఆపారు. ఇటువంటి యాత్రకు డబ్బు పెట్టడం సబబేనా, లేక సొంత బండి మాట్లాడుకొని ఒక్కచోటే రోజంతా గడపడం మేలా? అనుభవం ఉన్నవారు చెప్పగలరు.

ఉగ్గాని:
ఆ టీ ఎలా ఉందో చెప్పలేదు.

రేనాడు:
40 నిమిషాల్లో గండికోట చూపిస్తామని డబ్బు తీసుకోవడమే మొదటి తప్పు. అంతకన్నా పెద్ద తప్పు, ఆ 40 నిమిషాల్లో చెప్పే మాటలు. ఇటువంటి బస్సుల వెంట నేనూ ఒకటి రెండుసార్లు నడిచి విన్నాను. మైకు చేత పట్టుకోగానే "ఇది మన దేశపు గ్రాండ్ క్యాన్యన్" అంటారు. ఎర్రమల కొండలను పెన్న కోసుకుంటూ పోయి చేసిన గండి కనుక ఊరికి గండికోట అని పేరు వచ్చిందనీ, ఆ పేరులోనే ఆ లోయ ఉన్నదనీ చెప్పడానికి అర నిమిషం చాలు. ఆ అర నిమిషం ఎవరూ కేటాయించరు. 1123లో కాకరాజు కోటకు పునాది వేశాడని ఊరి చరిత్రను రాసిపెట్టిన కైఫియత్తు చెబుతున్నది. ఆ తరువాత తరతరాలుగా పెమ్మసానివారు ఏలారు. 1650లో గోల్కొండ సేనాని మీర్ జుమ్లా కోటను పట్టుకున్నాడు, 1652లో ఫ్రెంచి వజ్రాల వర్తకుడు టావెర్నియే వచ్చి ఇక్కడే అతడిని కలిశాడు. సాయంత్రం మీరు చూసిన తాడిపత్రి ఆలయాలను కట్టించినదీ ఆ పెమ్మసానివారే. అంటే పొద్దున చూసిన కోటా, సాయంత్రం చూసిన గుడీ ఒకే కథకు రెండు కొసలు. ఆ ముడి వేసి చెప్పిన గైడును నేనింతవరకు చూడలేదు.

ఇంకొక మాట. మీ బస్సు ఎర్రగుంట్ల మీదుగానే వెళ్లి ఉంటుంది. అక్కడికి కొద్ది దూరంలోనే కలమళ్ళ ఉన్నది. 575 ప్రాంతంలో రేనాటి చోళుడైన ఎరికల్ ముత్తురాజు ధనంజయుడు వేయించిన, మనకు దొరికిన తొలి తెలుగు శాసనం ఆ ఊరి గుడి ఆవరణలోనిది. తెలుగు భాష రాతిలో మొట్టమొదట వాక్యంగా కనిపించిన చోటును పక్కనబెట్టి, టీ కొట్టు దగ్గర బస్సు ఆపుతారు. పదవీ విరమణ చేసిన ఏడాది ఒక యాత్రా నిర్వాహకుడి దగ్గరకు నేనే వెళ్లి, ఈ దారిలో కనిపించే శాసనాల మీద నాలుగు పేజీల కరపత్రం ఉచితంగా రాసిస్తానని అడిగాను. ఆయన నవ్వి, "సార్, మా వాళ్లకు కావలసింది ఏసీ" అన్నాడు.

కొండారెడ్డిబురుజు:
బెలుం ఇప్పుడు నంద్యాల జిల్లాలోనిది. కొందరు ఇంకా కర్నూలు అనే రాస్తున్నారు.

చిత్రావతి:
పెన్నఒడ్డు గారూ, గండికోటలో మీకు దొరికింది 40 నిమిషాలు కాదు. బస్సు ఆగినప్పటి నుంచి తిరిగి కదిలేవరకు 60 నిమిషాలు ఉంటుంది. దిగడానికి, నీళ్ల సీసాలు కొనడానికి, ఫొటోలకు పోయే సమయాన్ని గైడు ఖాతాలో రాయకండి.

వేళలు ఎందుకు అలా పెడతారో కూడా చెబుతాను. కడప నుంచి బయలుదేరి ఈ మూడూ చూసి తిరిగి రావాలంటే 300 కిలోమీటర్లకు అటూ ఇటూ అవుతుంది. ఎండ ఎక్కితే గండికోట బండల మీద పెద్దవాళ్లు నిలబడలేరు కనుక దానిని పొద్దున్నే ముగించాలి. తాడిపత్రి గుళ్లు మధ్యాహ్నం మూసి ఉంటాయి కనుక వాటిని సాయంత్రానికి పెట్టాలి. మిగిలిన మధ్యాహ్నం బెలుంకు. గుహలో ఏ వేళకు దిగినా ఒకటే చీకటి, ఒకటే ఉక్క. 3,229 మీటర్ల గుహలో సందర్శకులకు తెరిచింది ఒకటిన్నర కిలోమీటర్లు. వంగి వంగి పాతాళగంగ దాకా వెళ్లి రావడానికి గంటన్నర పడుతుంది. గండికోటలో పావుగంట పెంచితే తాడిపత్రిలో దీపాలు వెలిగే వేళకు చేరతాము, గోపురం మీద చెక్కడాలు కనబడవు. ఏ పావుగంట ఎక్కడ నుంచి తీయాలో రేనాడు గారు చెప్పాలి.

పెన్నఒడ్డు:
నా ఫోనులో కోట ముఖద్వారం దగ్గర తీసిన మొదటి ఫొటో 8:52కు, బస్సు ఎక్కుతూ తీసింది 9:34కు. అంటే 42 నిమిషాలు. 60 అని మీరు ఎక్కడ నుంచి తెచ్చారో తెలియదు.

చిత్రావతి:
మొదటి ఫొటో తీసేసరికి బస్సు ఆగి పది నిమిషాలు దాటి ఉంటుంది. పైగా ఆఖరి ఫొటో తీసిన వెంటనే బస్సు కదిలిందా?

ఉగ్గాని:
వెంటనే కదిలి ఉండదు. ఎవరో ఒకరు ఎక్కడో ఒకచోట తప్పకుండా తప్పిపోయి ఉంటారు.

నల్లరేగడి:
బెలుంలో తలెత్తి చూస్తే కనిపించే సున్నపురాయి మా వంటింట్లో పరిచిన నాపరాయికి అన్న వరస అవుతుంది. సిమెంటు లారీలు ఆ దారిలో వరసగా పోతున్నది కూడా ఆ రాయి కోసమే. మా నాయన గుహ చూసి వచ్చి, "ఇంటి కిందకే దిగినట్టుంది" అన్నాడు. ఏ గైడూ ఇంత బాగా చెప్పలేదు.

రేనాడు:
నిమిషాల లెక్క పక్కన పెట్టండి. చిత్రావతి గారి మాటతీరు చూస్తే ఆయన ఈ వృత్తిలోని వారేనని తోస్తున్నది. అయితే నేరుగా అడుగుతాను. గండికోటలోని కత్తుల కోనేటి దగ్గర మీరు ఏమి చెబుతారు? యుద్ధం ముగిశాక నెత్తుటి కత్తులు అందులో కడిగారనీ, అందుకే ఆ నీళ్లు ఎర్రబారాయనీ చెబుతారా, చెప్పరా? అక్కడి మట్టి ఎరుపు, రాయి ఎరుపు. వానకు కొట్టుకొచ్చిన మన్నుతో నీరు ఎర్రగా ఉంటే దానికి నెత్తురు ఎందుకు? పిల్లలు ఉన్న బస్సులో ఇటువంటి అబద్ధాలు చెప్పి డబ్బు తీసుకోవడం నా దృష్టిలో మోసమే.

చిత్రావతి:
అవును, నేను గైడునే. పెన్నఒడ్డు గారు ఎక్కిన బస్సు నాది కాదు కానీ, అదే దారిలో 9 ఏళ్లుగా మైకు పట్టుకుంటున్నాను. మోసం అన్న మాట మీరు వాడారు కనుక ఇక మొహమాటం లేకుండా రాస్తాను.

కత్తుల కోనేటి కథ నేను పుట్టించింది కాదు. మా అవ్వ పుట్టిల్లు జమ్మలమడుగు తాలూకా. నాకు ఆరేళ్లప్పుడు ఆమె నన్ను ఆ మెట్ల మీద కూర్చోబెట్టుకొని, కొంగుతో నా ముఖం తుడుస్తూ చెప్పిన కథ అది. అయ్యవారూ, మీరు కైఫియత్తు అన్నారు. మెకంజీ దొర తరఫున 200 ఏళ్ల కిందట ఊరూరా తిరిగినవారు కరణాలనూ, ఊరి పెద్దలనూ కూర్చోబెట్టి వాళ్లు చెప్పినది రాసుకుంటేనే కదా అవి కైఫియత్తులయ్యాయి? మా కడపలోని బ్రౌన్ గ్రంథాలయంవారు అచ్చువేస్తే మీరు అట్ట వేసుకొని బీరువాలో పెట్టుకున్నారు. ఊరివాడి మాట అప్పుడు కాగితం ఎక్కితే చరిత్ర, ఈనాడు నా నోట వస్తే అబద్ధమా?

శాసనం:
చిన్న సవరణ. కల్యాణి చాళుక్యుడైన ఆహవమల్ల సోమేశ్వరుడి సామంతుడు కాకరాజు 1123లో కోట కట్టాడని చాలా చోట్ల రాసి ఉంటుంది. కానీ ఆహవమల్ల సోమేశ్వరుడు 1068లోనే తుంగభద్రలో మునిగి ప్రాణం విడిచాడు. 1123లో ఏలుతున్నది ఆయన కొడుకు ఆరవ విక్రమాదిత్యుడు. తేదీయో, రాజో, రెండింటిలో ఒకటి తప్పు.

ఉగ్గాని:
అయ్యవారి కోనేటిలోనూ కొంచెం ఎర్రనీళ్లు కనబడుతున్నాయి.

రేనాడు:
శాసనం గారి సవరణను స్వీకరిస్తున్నాను. 1123 అన్న సంవత్సరాన్ని నేను నిర్ధారణగా రాయకూడదు. అయితే చిత్రావతి గారి ప్రశ్నకు నా జవాబు మారదు. కైఫియత్తు రాసినవాడు ఫలానా ఊరివారు ఇలా చెప్పారు అని రాశాడు, కనుకనే ఈనాడు శాసనం గారు దానిని శాసనాలతో పోల్చి తప్పు పట్టగలిగారు. మైకులో మీరు చెప్పేది "కడిగారు" అని. "కడిగారని మా అవ్వ చెప్పేది" అనండి, నాకు ఏ అభ్యంతరమూ లేదు. మీ అవ్వను మీరు కథలోంచి తీసేశారు. నేను అబద్ధమన్నది ఆ తీసేసిన చోటును. ఆమె మాటను అవమానించాలని కాదు.

చిత్రావతి:
ఈ మాట ముందే అని ఉంటే ఇంత దూరం వచ్చేది కాదు. అయినా నా కడుపులో ఉన్నది కూడా వినండి. నేను డిగ్రీలో చరిత్ర చదివాను. మూడేళ్లలో ఏ అయ్యవారూ మమ్మల్ని ఒక్క శాసనం దగ్గరకు తీసుకుపోలేదు. గుత్తి నుంచి పత్తికొండ పోయే దారిలో ఎర్రగుడి గుట్ట మీద అశోకుడి శాసనాలు ఉన్నాయనీ, అందులో ఒకదానిలో కొన్ని వరుసలు ఎడమ నుంచి కుడికీ, తరువాతివి కుడి నుంచి ఎడమకూ, నాగలి మడక తిరిగినట్టు రాసి ఉన్నాయనీ నాకు తెలిసింది ఒక జపాను యాత్రికుడిని అక్కడికి తీసుకుపోయిన రోజున. సేద్యం చేసిన ఇంట పుట్టినవాడిని, ఆ వరుసలు చూసి నాకు ఎంత సిగ్గు వేసిందో మీకు తెలియదు. చదివినవారు మాకు చెప్పరు. మేము అవ్వల దగ్గర విన్నది చెబితే, చదివినవారు దూరం నుంచి తప్పులు వెదుకుతారు. మీ కరపత్రానికి నవ్వినది ఆ నిర్వాహకుడు. నా దగ్గరకు ఎవరు వచ్చారు?

పెమ్మసానివారి ముడి ఎవరూ వేయరని కూడా అన్నారు. నేను వేస్తాను. బెలుం నుంచి తాడిపత్రి పోయే ముప్పై కిలోమీటర్లలో చెబుతాను. అప్పటికి గుహలో చెమటలు కారి పైకి వచ్చిన బస్సంతా నిద్రపోతూ ఉంటుంది. మేలుకొని ఉండేది డ్రైవరొక్కడే. ఆయనకు ఇప్పుడు పెమ్మసానివారి వంశం మొత్తం నోటికి వచ్చు.

పెన్నఒడ్డు:
మా గైడు కూడా ఆ దారిలో ఏదో చెప్పాడు. నేను నిద్రపోయాను, ఒప్పుకుంటున్నాను.

ఒక సంగతి ఇక్కడ రాయాలి. ఈ చర్చ అమ్మకు చదివి వినిపించాను. కూర్చోనివ్వలేదన్న కోపం నాదేనట, ఆమెకు లేదట. తాడిపత్రి బుగ్గ రామలింగేశ్వరుడి గర్భగుడిలో లింగం చుట్టూ ఊరే నీళ్లు ఆమె మనసులో నిలిచిపోయాయి. పూజారి ఆ నీళ్లు అరచేతిలో పోస్తే కళ్లకు అద్దుకొని, మిగిలిన తడి నా నుదుటికి రాసింది. గోపురాలు అసంపూర్ణంగా మిగిలాయని గైడు చెప్పినప్పుడు, "ఇల్లు కట్టేవాళ్లందరికీ చివరకు డబ్బు చాలదు" అన్నది. ఇక కత్తుల కోనేటి కథను వీధిలో నలుగురికి చెప్పింది. చెప్పేటప్పుడు "గైడు అన్నాడు" అనడం లేదు, తానే చూసినట్టు చెబుతున్నది.

నల్లరేగడి:
ఇక మూడో కైఫియత్తు మొదలైంది.

రేనాడు:
అమ్మగారికి నమస్కారాలు చెప్పండి. చిత్రావతి గారూ, మీ ప్రశ్నలో నిజం ఉన్నది. 31 ఏళ్లు పాఠం చెప్పాను, నేనూ పిల్లలను బస్సెక్కించి తీసుకుపోయింది వేరే ఊళ్ల గుళ్లకే. కలమళ్ళకు ఒక్కసారీ పోలేదు. ఆ నాలుగు పేజీలు ఇప్పటికీ నా దగ్గర ఉన్నాయి. 1123 దిద్ది పంపుతాను. కానీ షరతు ఒకటి: కలమళ్ళలో బస్సు 20 నిమిషాలు ఆగాలి.

చిత్రావతి:
పంపండి, చదువుతాను. కలమళ్ళ సంగతికి వస్తే, రెండేళ్ల కిందట ఒకసారి నా అంతట నేనే ఆపాను. దిగినవారు పదకొండు మంది. "ఈ రాయి కోసమా ఆపింది?" అని ఒకాయన అడిగాడు. ఆ రోజు అక్షరాలు ఎక్కడ మొదలవుతాయో చూపించడం నాకూ రాలేదు కనుక నోరు మూసుకొని బస్సెక్కాను. మీరు వచ్చి చూపిస్తానంటే మళ్లీ ఆపుతాను. అయితే ఆ 20 నిమిషాలు గండికోటలో తీయాలా, బెలుంలో తీయాలా?

పెన్నఒడ్డు:
గండికోటలో తీయకండి. ఉన్నవే 42.

చిత్రావతి:
60.

రేనాడు:
టీలో తీయండి.

చిత్రావతి:
ఆ టీ ప్రయాణికుల కోసమని మీరందరూ అనుకుంటున్నారు. తెల్లవారుజామున 3 గంటలకు లేచిన డ్రైవరు ఆ 25 నిమిషాలు స్టీరింగు మీద తల పెట్టి పడుకుంటాడు. అది తీయడం నా చేతిలో లేదు. వేరే చోటు చూడండి.